సౌప్తిక పర్వమును మరల చదువవలసిన కారణము

విరాటపర్వము చదివించినచో వానలు కురియునని మన పల్లెలలో ఒక నమ్మకము. ఉద్యోగపర్వములోని రాయబార ఘట్టము నాటకమై, తెల్లవార్లు జనమును కూర్చుండబెట్టినది. శాంతిపర్వమును పెద్దలు తీరిక వేళల తిరుగవేసెదరు. సౌప్తిక పర్వమును మాత్రము ఎవ్వరును అడిగి చదివించుకొనరు. అది చిన్న పర్వము. అందు వీరము లేదు. యుద్ధము ముగిసిన రాత్రి జరిగిన హత్యయే అందలి కథ. తిక్కన సోమయాజి విరాటము మొదలు స్వర్గారోహణము వరకు 15 పర్వములను తెనిగించినాడు. వానిలో దీని పేరు చెప్పగానే కథ స్ఫురించువారు మనలో తక్కువ. కాని 1945లో హిరోషిమా, నాగసాకి నగరములపై మానవుడు చేసిన పనిని తూచుటకు మన సాహిత్యమున తగిన త్రాసు ఎక్కడనైన నున్నదా అని వెదకినచో, అది ఈ పర్వముననే దొరకునని నా అభిప్రాయము.

ఈ ఆలోచనకు మూలము మన కృష్ణరాజపురమున జరిగిన ఒక సంభాషణ. ఇచ్చటి తెలుగువారిలో కోలారు, ముళబాగిలు దారి వెంబడి తరతరములుగా నున్న కుటుంబములు కలవు. 1948లో దూరవాణినగరున టెలిఫోను కర్మాగారము వెలసిన పిదప ఉద్యోగములకై వచ్చి స్థిరపడినవారును కలరు. ఒక ఆగస్టు 6వ తేదీ సాయంకాలము మేము కొందరము కూడియుండగా హిరోషిమా మాట వచ్చినది. అందరమును అయ్యో అనుచుండగా, శ్రీకాకుళము వైపు నుండి వచ్చిన ఒక పెద్దాయన మెల్లగా ఇట్లన్నాడు: "నాయనా, మీరు జపాను వాళ్ల కోసం బాధపడుతున్నారు. మా నాన్న పన్నెండేళ్లప్పుడు రంగూన్నించి నడిచొచ్చేడు. దారిలో వాళ్లమ్మ పోయింది. ఆ బాంబు పడిందని తెలిసిన రోజున మా ఇంట్లో దీపం పెట్టేరు."

ఆ మాటకు మాలో ఎవ్వరును బదులు చెప్పలేకపోయితిమి. ఆయన దుఃఖము వినికిడి దుఃఖము కాదు. మాది పత్రికలలో చదివిన జాలి. అయినను ఆ దీపము వెలుగవలసినదేనా అను ప్రశ్న నన్ను విడువలేదు. ఈ వ్యాసము ఆ పెద్దాయనకు ఆలస్యముగా ఇచ్చుకొన్న ప్రత్యుత్తరము.

ముందుగా ఆయన పక్షము చెప్పవలెను. 1941 డిసెంబరులో జపాను విమానములు రంగూనుపై బాంబులు వేసినవి. ఆ రేవులో మూటలు మోసి, మిల్లులలో పనిచేసి, ఆ నగరమును నిలబెట్టిన కూలీలలో తెలుగువారు వేలాదిగా నుండిరి. వారు అడవులు, కొండలు దాటి కాలినడకను స్వదేశము చేరవలసి వచ్చినది. ఎందరో త్రోవలోనే రాలిపోయిరి. 1942 ఏప్రిల్ 6వ తేదీన విశాఖపట్టణము మీదను, కాకినాడ మీదను జపాను విమానములు బాంబులు విడిచినవి. మలయా తోటలలోని తమిళులను, తెలుగువారిని బర్మా–సయాము రైలుమార్గము పనికి తరలించగా, వారిలో వేలకొలది జనము ఆకలికిని వ్యాధికిని బలియైరి. 1937లో చైనా యందలి నాన్‌జింగు నగరమున జపాను సైన్యము సాగించిన మారణకాండ జగద్విదితము. మన కె.ఆర్.పురమునకు కూతవేటు దూరమున, 1940లో నెలకొన్న హిందూస్థాన్ విమాన కర్మాగారములో అమెరికా వైమానిక దళము తన విమానములను మరమ్మతు చేయించుకొన్నది. కావున ఆ యుద్ధము మనకు పరాయిది కాదు. జపాను దోషము లేదని చెప్పి హిరోషిమాకై శోకించువాడు సగము సత్యమునే చెప్పినవాడగును.

ఇక రెండవ సగము. 1945 ఆగస్టు 6వ తేదీ ఉదయము హిరోషిమాలో అపాయసూచన మ్రోగి, కొంతసేపటికి అపాయము తొలగినదని మరల సూచన వెలువడినది. జనము పనులలోనికి దిగిరి. బాలబాలికలు వేలాదిగా, అగ్నిప్రమాదములు వ్యాపింపకుండుటకై ఇండ్లు పడగొట్టు పనికి బడుల నుండి వచ్చియుండిరి. 8 గంటల 15 నిమిషములకు, నేలకు సుమారు 600 మీటర్ల ఎత్తున, యురేనియము బాంబు ప్రేలినది. మూడు దినముల తరువాత నాగసాకిపై ప్లుటోనియము బాంబు పడినది. నిజమునకు ఆనాటి గురి కోకురా నగరము. అచ్చట గురి కనబడకపోవుటచే విమానము దారి మార్చుకొన్నది. మేఘమో, పొగయో అడ్డము వచ్చినందున ఒక ఊరు బ్రతికి, మరియొక ఊరు కాలినది. ఆ సంవత్సరాంతమునకు హిరోషిమాలో సుమారు 1,40,000 మంది, నాగసాకిలో సుమారు 70,000 మంది మరణించినట్లు అంచనా. వైద్యులలోను, నర్సులలోను పెక్కుమంది తామే చనిపోయిరి, లేదా గాయపడిరి. ప్రేలుడు తరువాత నల్లని వాన కురిసినది. గాయమేమియు లేనివారు కూడ కొలది వారములలో జుట్టు రాలి, నెత్తురు కక్కి మరణించిరి. రెండేండ్ల పసిపాపగా ఆ వెలుగును చూచిన ససాకి సదాకో అను బాలిక సుమారు తొమ్మిదేండ్లు ఆరోగ్యముగా పెరిగి, 1955లో రక్తపు క్యాన్సరుతో 12 ఏండ్ల వయస్సున కన్ను మూసినది.

ఈ కథలోనికి మన గ్రంథమొకటి ఎట్లు ప్రవేశించినదో అందరికిని తెలియును. బాంబు నిర్మాణమునకు నాయకుడైన ఓపెన్‌హైమరు సంస్కృతము నేర్చినవాడు. కాలిఫోర్నియాలో రైడరు అను ఆచార్యుని యొద్ద గీతను మూలమున చదివినాడు. 1945 జూలై 16వ తేదీన జరిగిన తొలి ప్రయోగమును తలచుకొనుచు, విశ్వరూప సందర్శన ఘట్టములోని ఒక వాక్యము తనకు స్ఫురించినదని ఆయన 1965లో ఒక టెలివిజను చిత్రమున చెప్పినాడు. అప్పటి నుండి ఆ మాట జగత్ప్రసిద్ధమైనది. 2023లో ఆయనను గూర్చిన చలనచిత్రము వచ్చినప్పుడు మనవారు కొందరు గర్వపడిరి, కొందరు కోపపడిరి. ఆ వాక్యము ఆ సందర్భమునకు తగునా అని అడిగినవారు మాత్రము తక్కువ.

తగదని నా మనవి. గీత యందు ఆ మాట చెప్పినవాడు కాలస్వరూపుడు. విన్నవాడు ఆయుధము క్రింద పెట్టిన యోధుడు. ఎదుట నున్నవారు ఆయుధములు పట్టి యుద్ధమునకు సిద్ధమై వచ్చిన వీరులు. వారు ముందే కాలునిచే హతులైరి, నీవు నిమిత్తమాత్రుడవు కమ్మని అచ్చట భగవానుడు చెప్పినాడు. ఆ మాటను తెచ్చి ఇండ్లు పడగొట్టుచున్న బడిపిల్లల మీద పరచినచో, కర్తలు మాయమై కాలుడొక్కడే మిగులును. బాంబును తయారు చేసినవారు, గురిని నిర్ణయించినవారు, ఉత్తరువుపై సంతకము పెట్టినవారు అందరును నిమిత్తమాత్రులే అగుదురు. ఓపెన్‌హైమరు మనస్సు క్షోభించినదని నేను నమ్ముదును. కాని ఆయన తెరచిన పుట సరియైనది కాదు. ఆయన తెరువవలసినది భీష్మపర్వము కాదు, సౌప్తిక పర్వము.

ఆ పర్వమున వ్యాసుడు చేసిన మొదటి గొప్ప పని, అశ్వత్థామకు న్యాయమైన దుఃఖము నిచ్చుట. అతని తండ్రిని అబద్ధము చెప్పి ఆయుధములు విడిపించి చంపినారు. అతని ప్రభువును తొడ విరుగగొట్టి పడవేసినారు. ధర్మమనెడి కట్టను మీరే ముందు తెంచితిరి గదా అని అతడడిగినచో, పాండవుల యొద్ద సూటియైన సమాధానము లేదు. మన శ్రీకాకుళపు పెద్దాయన దుఃఖమువలెనే అతని దుఃఖమును అసత్యము కాదు. ఆ రాత్రి అతడు మర్రిచెట్టు క్రింద నిద్రపట్టక కూర్చుండి, నిద్రించుచున్న కాకులను గుడ్లగూబ యొకటి చీల్చి చంపుట చూచినాడు. అదే అతనికి ఉపదేశమైనది. వ్యాసుడు ఎవ్వరిని గురువుగా చూపినాడో గమనింపుడు. ఋషిని కాదు, శాస్త్రమును కాదు, ఒక గుడ్లగూబను. న్యాయమైన దుఃఖము అన్యాయమైన ఉపాయమును కనుగొన్న క్షణమది.

రెండవ గొప్ప పని కృపాచార్యుని పాత్ర. నిదురించువారిని చంపుట ధర్మము కాదు, ఈ రాత్రి నిద్రింపుము, రేపు ధృతరాష్ట్రుని, గాంధారిని, విదురుని అడుగుదమని ఆయన హితము చెప్పినాడు. ఇంత చెప్పినవాడు తరువాత ఏమి చేసినాడు? అశ్వత్థామ రథమును అనుసరించినాడు. కృతవర్మతో గూడి శిబిర ద్వారమున నిలిచి, పారిపోవుచున్నవారిని చంపినాడు, శిబిరమునకు నిప్పు పెట్టినాడు. వ్యాసుడు ఈ మాట చెప్పి ఊరకున్నాడు. ఆయన వ్యాఖ్యానింపకపోవుటయే వ్యాఖ్య.

1945లో కృపులు పలువురు కనబడుదురు. ఆ జూను నెలలో ఫ్రాంకు అను శాస్త్రజ్ఞుని నాయకత్వమున కొందరు షికాగో నుండి ఒక నివేదిక పంపిరి. ముందు జనములేని చోట బాంబును ప్రయోగించి ప్రపంచమునకు చూపుడని అందలి సూచన. జూలైలో జిలార్డు అను శాస్త్రజ్ఞుడు 70 మంది చేత సంతకములు చేయించి అధ్యక్షునికి విజ్ఞప్తి వ్రాసినాడు. అది ఆయనకు చేరలేదు. ఓపెన్‌హైమరు సభ్యుడుగా నున్న శాస్త్రజ్ఞుల సంఘము మాత్రము, యుద్ధమునందు నేరుగా ప్రయోగించుట తప్ప వేరు మార్గము కానరాదని సలహా ఇచ్చినది. అభ్యంతరము చెప్పినవారిలోను పెక్కుమంది ద్వారము కడ నిలిచిన వారే. హితము చెప్పుట వేరు, చెప్పి వెనుకకు మరలుట వేరు.

అస్త్రమును గూర్చి భారతము ఈ పర్వమున అకస్మాత్తుగా మాటాడలేదు. మొదటి నుండియు ఒక విచారణ సాగుచునే యున్నది. ఇంద్రలోకము నుండి తిరిగి వచ్చిన అర్జునుడు అన్నగారి కోరికపై దివ్యాస్త్రములను ఊరక చూపబోగా భూమి కంపించినది. నారదుడు వచ్చి వారించినాడు. లక్ష్యము లేక అస్త్రమును ఎత్తరాదని, లక్ష్యమున్నను ఆర్తి లేనిచో ఎత్తరాదని ఆయన శాసనము. ఉద్యోగపర్వమున అర్జునుడు తన యొద్ద పాశుపతమున్నదని చెప్పుచునే, సామాన్య జనమును దివ్యాస్త్రములతో చంపుట తగదని, ఋజువైన యుద్ధముననే గెలుతుమని పలికినాడు. ద్రోణపర్వమున ద్రోణుడు అస్త్రవిద్య నెరుగని సైనికులను బ్రహ్మాస్త్రముతో కాల్చుచుండగా ఋషులు దిగివచ్చి అది అధర్మమని గద్దించిరి. వారిలో ఆయన కన్నతండ్రి భరద్వాజుడును కలడు. తండ్రి అస్త్రమెరుగనివారిని కాల్చినాడు, కొడుకు నిద్రించువారిని నరికినాడు. ఒక తప్పు తరువాతి తప్పునకు త్రోవ చేయును. 1945 మార్చిలో టోకియోపై అగ్నిబాంబులు కురిసి, ఒక్క రాత్రిలో సుమారు లక్షమంది మరణించిరి. అది సహ్యమైన పిదపనే ఆగస్టు సాధ్యమైనది.

ఇక అస్త్రఘట్టము. భీముడు తరుముకొని రాగా, అశ్వత్థామ ఒక గడ్డిపరకను అభిమంత్రించి, పాండవులు లేకుండవలెనని బ్రహ్మశిరోనామకాస్త్రమును విడిచినాడు. అర్జునుడు అదే అస్త్రమును, ముందు గురుపుత్రునకు మేలు కోరి, అస్త్రము అస్త్రముచే శాంతించుగాక అని విడిచినాడు. రెండింటి నడుమ వ్యాసుడు, నారదుడు వచ్చి నిలిచిరి. అర్జునుడు ఉపసంహరించినాడు. అశ్వత్థామకు విడుచుటయే తెలియును, మరల్చుట తెలియదు. తుదకు దానిని పాండవ స్త్రీల గర్భములపైకి త్రిప్పినాడు. ఉత్తర కడుపులోని శిశువు దగ్ధమైనది. ఇట్టి అస్త్రము మరియొక అస్త్రముచే అణచబడిన దేశమున పండ్రెండేండ్లు వాన కురియదని వ్యాసుడు హెచ్చరించినాడు. వానకై విరాటపర్వము చదివించు మనము ఈ వాక్యమును ఎన్నడును పట్టించుకొనలేదు.

ఇచ్చట మూడు ప్రశ్నలు తేటపడుచున్నవి. అస్త్రము ఎవ్వరిపై పడినది? విడిచిన చేయి దానిని మరల్పగలదా? అది పుట్టనివారిని కూడ తాకునా? హిరోషిమాను ఈ ప్రశ్నల యెదుట నిలుపుడు. అది పడినది అపాయము తొలగినదని నమ్మి పనులకు దిగిన జనముపైన. దానిని మరల్చు విద్య నేటికిని ఎవ్వరికిని లేదు. ఇక మూడవది. ఆ దినమున తల్లి కడుపులో నున్న శిశువులలో, ముఖ్యముగా మూడవ, నాలుగవ మాసములలో నున్నవారిలో, తల చిన్నదై బుద్ధి ఎదుగక పుట్టినవారు అధికముగా నుండిరని తరువాతి పరిశోధనలు నిరూపించినవి. ఆ పరిశోధన సాగించిన అమెరికా సంఘము బాధితులను పరీక్షించుచు వచ్చినదే గాని చికిత్స చేయలేదన్న నింద నేటికిని మాసిపోలేదు. ఉత్తర శిశువును మరల బ్రతికించుటకు భారతమున కృష్ణుడు కలడు. ఆ తల్లులకు ఎవ్వరును లేరు.

అట్లయినచో ఆ బాంబు యుద్ధమును ముగించి లక్షల ప్రాణములను కాపాడలేదా అని అడుగుదురు. ఇది తోసివేయదగిన ప్రశ్న కాదు. 1945 నవంబరులో జపాను గడ్డపై దిగుటకు అమెరికా సైన్యము సిద్ధమగుచుండెను. అట్లు దిగియుండినచో ఇరువైపుల రక్తము ఏరులై పారెడిది. యుద్ధకార్యదర్శి స్టిమ్సను 1947లో ఈ వాదమునే విస్తరించి వ్రాసినాడు. కాని బాంబు లేకున్నను, దండయాత్ర లేకున్నను, ఆ సంవత్సరాంతమునకు జపాను లొంగిపోయియుండెడిదని అమెరికా ప్రభుత్వము నియమించిన బాంబుదాడుల పరిశీలన సంఘమే 1946లో తీర్మానించినది. నాగసాకి కాలిన దినముననే సోవియట్టు సైన్యము మంచూరియాలో ప్రవేశించినది. ఏది జపానును లొంగదీసినదో చరిత్రకారులు నేటికిని వాదించుకొనుచున్నారు. టోకియో న్యాయస్థానమున మన రాధావినోద పాల్ తన భిన్నాభిప్రాయ తీర్పులో, ఓడినవారి నేరములను విచారించువారు ఈ బాంబు నిర్ణయమును కూడ విచారింపవలదా అని ప్రశ్నించినాడు. లెక్క ఎటు తేలినను ఒక మాట నిలుచును. ఎక్కువమందిని కాపాడుటకై ఈ పిల్లలను కాల్చితిమని చెప్పువాడు, ఆ పిల్లలను మనుష్యులుగా గాక లెక్కలో అంకెలుగా చూచినవాడే. అశ్వత్థామయు తన రాజు ఋణము తీర్చితిననియే అనుకొన్నాడు.

ఇచ్చట మనవారిలో వ్యాపించిన ఒక వెఱ్ఱిని గూర్చి చెప్పక తప్పదు. బ్రహ్మాస్త్రమే అణుబాంబనియు, మన పూర్వులకు ఆ విద్య తెలియుననియు గర్వించువారు పెక్కురు. ఇది భారతమునకు గౌరవము కాదు. ఆయుధశాలలో ఏమేమి ఉన్నవని అడుగుటకు కాదు వ్యాసుడు ఆ కథ వ్రాసినది. ఆయుధము గలవాని చేయి ఎప్పుడు ఆగవలెనని అడుగుటకు వ్రాసినాడు. బాంబు మనదే అని పొంగిపోవువాడు, ఆ అస్త్రమును విడిచిన అశ్వత్థామ పొందిన శాపమును కూడ మనదే అనవలెను. మూడువేల ఏండ్లు నెత్తురు, చీము కంపుతో తోడు లేక తిరుగవలెనని ఆ శాపము. చిరంజీవులలో అతని పేరును తలచుకొందుము. అతనికి చావు లేకపోవుట వరము కాదని మరచితిమి.

ఈ ప్రశ్నలు పరదేశమునకే చెందినవని తప్పించుకొనుటకును వీలు లేదు. 1974లోను, 1998లోను మన దేశము అణుప్రయోగములు చేసినది. 1942లో బాంబుల భయముతో జనము ఖాళీ చేసిన విశాఖపట్టణముననే, 2009లో మన అణుశక్తి జలాంతర్గామి అరిహంతు జలప్రవేశము చేసినది. దెబ్బ తిన్న ఊరు అస్త్రమును ధరించిన ఊరైనది. మనము ముందుగా ప్రయోగింపబోమని మన దేశము ప్రకటించినది. ఇది అర్జునుని స్థానము: ముందు విడువడు, శాంతికై మాత్రమే విడుచును. ఆ స్థానము అశ్వత్థామ స్థానముకంటె ఎంతయో మేలు. కాని కథను చివర వరకు చదువుడు. అర్జునుడు నియమము తప్పలేదు, సకాలమున ఉపసంహరించినాడు కూడ. అయినను ఉత్తర గర్భము కాలినది. ఒక్కని నిగ్రహము చాలదని, రెండు అస్త్రములును లేచిన పిదప ఋషులు వచ్చినను పసికందునకు రక్ష లేదని వ్యాసుని తీర్పు. పరిక్షీణమైన వంశమున పుట్టినాడు గనుక ఆ శిశువునకు పరిక్షిత్తని పేరు వచ్చినది. గెలిచినవారికి మిగిలిన రాజ్యమును ఆ పేరు కొలిచి చూపుచున్నది.

ఇక ఆ పెద్దాయన ఇంటి దీపము. పోతనామాత్యుడు భాగవత ప్రథమ స్కంధమున ఇదే కథను మరియొక విధముగా నడిపినాడు. అర్జునుడు అశ్వత్థామను కట్టి తెచ్చి ద్రౌపది ముందు పడవేయగా, ఐదుగురు కొడుకులను పోగొట్టుకొన్న ఆ తల్లి అతనికి నమస్కరించి, విడిచిపెట్టుడని కోరినది. నావలె వీని తల్లి ఏడ్వరాదన్నది ఆమె భావము. ఆమె నేరమును మన్నింపలేదు, ఆ పని ఎంత దారుణమో అతని ముఖము మీదనే అడిగినది. తన దుఃఖము మరియొక దుఃఖమునకు విత్తనము కారాదని మాత్రము నిశ్చయించుకొన్నది.

హిరోషిమా, నాగసాకి బాధితులు 1956లో ఒక సంఘముగా ఏర్పడిరి. నిహోన్ హిదాంక్యో అని దాని పేరు. వారు అమెరికా నగరములు కాలవలెనని కోరలేదు. తమవలె మరియొకరు కారాదని దశాబ్దములుగా చెప్పుచు వచ్చిరి. 2024లో వారికి నోబెలు శాంతి బహుమతి లభించినది. అప్పటికి వారిలో బ్రతికియున్నవారందరును వృద్ధులే. పోతన ద్రౌపదిని వారు చదివియుండరు. చదువవలసిన అవసరమును వారికి లేదు.

రంగూను దారిలో తల్లిని పోగొట్టుకొన్న ఆ పండ్రెండేండ్ల బాలునకు దుఃఖించు హక్కు కలదు. ఆ ఇంటివారు దీపము వెలిగించుటను నేను నిందింపను. గాయము పచ్చిగా నున్న దినములవి. కాని హిరోషిమాలో ఆ ఉదయము అదే వయస్సు బాలుడొకడు తల్లికై వెదకుచు నడచియుండును. మన బాలుని తల్లిని చంపినవాడు అతడు కాడు. మరియొకసారి ఆ పెద్దాయనను కలిసినప్పుడు నేను వాదింపను. వచ్చే ఆగస్టు 6న ఆ దీపమునే మరల వెలిగించుడని, ఈసారి ఇద్దరు తల్లులకును కలిపి వెలిగించుడని మాత్రము అడుగుదును.